నాలుగో ప్రతివాది

ఆ కేసు వేసింది నేనే.
ముందే చెబుతున్నాను. లేకపోతే మీరు
పల్మో వైపు పూర్తిగా ఒరిగిపోయాక
నా పేరు అడుగుతారు.

సిమ్లా హైకోర్టులో నా పిటిషన్ మీద
ఒకటో ప్రతివాది రాష్ట్రం, రెండు సర్వీస్ కమిషన్,
మూడు యూనివర్సిటీ.
నాలుగు, పల్మో నేగి, ఊరు కల్పా, జిల్లా కిన్నౌర్,
రాంపూర్ ప్రభుత్వ కళాశాలలో బోటనీ అధ్యాపకురాలు.
ఉద్యోగం ఒకటే. జాబితాలో ఆమె తర్వాత నేను.
తేడా అర మార్కు.

ప్రకటనలో "ఎమ్మెస్సీ బోటనీ లేదా తత్సమానం" అని ఉంది.
ఆమె పట్టా మీద "ప్లాంట్ సైన్సెస్" అని ఉంది.
ఆ రెండు మాటల మధ్య సందులో
ఆరేళ్లు కాపురం ఉన్నాను.

మా వకీలు రెండు సిలబస్‌లూ పక్కపక్కన పరిచి
ఎర్ర పెన్సిలుతో దిగాడు.
నాచులు ఇక్కడా ఉన్నాయి, అక్కడా ఉన్నాయి.
శిలీంధ్రాలు, సరే.
జన్యుశాస్త్రం వాళ్లకే ఓ పేపరు ఎక్కువ,
అది మనకెందుకులే, అన్నాడు.
శిలాజ వృక్షాలు మాకు ఉన్నాయి, వాళ్లకు లేవు.
"దొరికింది!" అన్నాడు, దువ్వెనకు పేను చిక్కినట్టు.
అలా ముప్పై కోట్ల ఏళ్ల కిందట చచ్చిన ఫెర్నులు
నా తరఫున సాక్ష్యానికి వచ్చాయి.

రెండూ సమానమే, అంది యూనివర్సిటీ ఒక ఉత్తరంలో.
ఎనిమిది నెలలకు అదే రిజిస్ట్రారు, అదే సిరా:
సమానమే, కానీ పైచదువులకు మాత్రమే, కొలువుకు కాదు.
నిపుణుల కమిటీ మూడుసార్లు కూర్చోవాలనుకుంది.
రెండుసార్లు కోరం లేదు.
మూడోసారి మంచు పడి దారి మూసుకుపోయింది.

తొమ్మిదో తరగతిలో భాష చెప్పే మాస్టారు
అగ్ని తత్సమం, అగ్గి తద్భవం, అని ఊరుకోక
గది మధ్య రాజుకుంటున్న కుంపటి చూపించి
ఏ పేరుతో ముట్టుకున్నా కాలుతుందిరా, అనేవారు.
ఈ సంగతి నేను వకీలుకు చెప్పలేదు.

వాయిదా రోజున ఆమె తెల్లవారుజాము బస్సుకు దిగేది.
వరండా బెంచీ మీద జవాబు పత్రాలు దిద్దుకునేది
పేరు పిలిచేదాకా.
నా వైపు చూసేది కాదు. ఒక్కసారి మాత్రం
వాళ్ల కొండల చిల్గోజా గింజల పొట్లం విప్పి
బెంచీ మీద మా ఇద్దరి మధ్యా పెట్టింది.
తిన్నాను.
కేసు వెనక్కి తీసుకోలేదు.

జూలైలో ఓ మధ్యాహ్నం వాన మమ్మల్ని
కోర్టు వెనక రాతిగోడ పక్కకు, చూరు కిందకు తోసింది.
గోడ నిండా ఆకుపచ్చని నూగు, దాని మీద
దారం కన్నా సన్నని కాడలు, చివర తల వంచిన గుళికలు.
తడి తగిలి ఒక కాడ మెల్లగా మెలి విప్పుకుంటోంది.
"ఫ్యునేరియా," అన్నాం
ఇద్దరం, ఒకే నోట.
వెంటనే ఆమె గోడ వైపు తిరిగింది,
నేను వాన వైపు.

తీర్పు నాకే వచ్చింది.
పదహారు పేజీలు. పన్నెండో పేజీలో ఫెర్నులు.
ఆమె అప్పీలుకు వెళ్లింది, వాయిదా మార్చిలో.

చేరిన రోజు ప్రయోగశాల అప్పగింతలు.
సూక్ష్మదర్శినులు పద్నాలుగు, రెండు పనిచేయవు.
ఎండబెట్టిన నమూనాలు మూడు వందల ఆరు.
అటెండరు చీటీ చీటీ చదువుతున్నాడు, నేను టిక్కు పెడుతున్నాను.
రెండు వందల పదకొండు.
ఫ్యునేరియా. సిమ్లా, కోర్టు గోడ, జూలై.
సేకరించింది: పి. నేగి.
గుర్తించింది: పి. నేగి, టి. ఝింగ్టా.

"సార్, ఈ రెండో పేరు..." అని ఆగాడు.

రిజిస్టరులో "ఉన్నది" అని రాసి
తర్వాతి నంబరు చదవమన్నాను.